గాయాల రిజిస్టర్

మస్కట్‌లోని బాస్కెట్‌బాల్ క్లబ్ మేనేజర్ గాయాల రిజిస్టర్ తిరగేసి, ఆటగాడు బిలాల్ వైపు చూశాడు.

“ఆరు సీజన్లలో ఒక్క మ్యాచ్ మానలేదు, ఒక్క గాయం లేదు. నీ మోకాలు మా ఆటలో పోలేదు. ఆపరేషన్ క్లబ్ చేయించదు. ఇందులో అబద్ధముంటే చెప్పు, రాసినవాణ్ణి రేపే ఇండియా పంపిస్తాను.”

రాసింది పక్కనే నిలబడ్డ లింబాద్రి. ఆటగాళ్ల కాళ్లకు కట్లు కట్టడం అతని డ్యూటీ. మోకాలు వాచినప్పుడల్లా బిలాల్ బతిమాలేవాడు: “రాయకు అన్నా, రాస్తే ఆడనియ్యరు.”

లింబాద్రి నోరు తెరిచేలోపు బిలాల్ అతని చెయ్యి పట్టుకున్నాడు.

“దెబ్బ తాకలే సార్. అన్న రాసిందే నిజం.”

బిలాల్ కుంటుకుంటూ గుమ్మం దాటాడు.

“ఇవాళ్టిది రాయి,” అన్నాడు మేనేజర్.

లింబాద్రి తేదీ వేసి, పక్కన ‘గాయం లేదు’ అని రాశాడు.