కొసరు లేని అంగడి

గేటు దగ్గర గౌరమ్మ సంచిని బల్ల మీద బోర్లించారు. బిల్లులో ఉన్న సరుకులన్నీ పడ్డాయి. బిల్లులో లేని పొట్లం కూడా ఒకటి పడింది. పాత పేపరులో చుట్టిన గుప్పెడు కందిబేడలు.

"అంగడి తెరిసి గంట కాలేదు. అప్పుడే చేతివాటమా?" అన్నాడు మేనేజరు నాగేంద్ర.

కుప్పం అంగడిలో ఆ పొద్దు మొదటి బేరం గౌరమ్మదే. వి.కోట నుంచి తొలి బస్సుకు వచ్చింది. ఆమె వెనక బిల్లు కట్టి వచ్చిన ఆడవాళ్లు పదిమంది నిలబడి చూస్తున్నారు.

"నేను దొంగను కాదప్పా. లోపల ఒక పెద్దాయన కొసరని పెట్టినాడు."

నాగేంద్ర నవ్వి గోడ మీది బోర్డు చూపించాడు. ధర తక్కువ, కొసరు లేదు అని అందులో రాసి ఉంది. రాయించింది యజమాని వరదరాజులు. పొద్దున పనివాళ్లందరినీ నిలబెట్టి చెప్పాడు కూడా.

"మదనపల్లెలో ముప్పై ఏండ్లు కొసరు పెట్టి ఒక్క అంగడి నడిపినా. కొసరు మాని ధర తగ్గించినా, పుంగనూరులో రెండోది లేసింది. ఈ పొద్దు ఇది మూడోది. ఒక్క గింజ కొసరు పెట్టినోడు ఆ పూటే ఇంటికి పోతాడు."

అంగడిలో ముసలివాడు ఒక్కడే కనిపించాడు నాగేంద్రకు. ఆంజనేయులు. మదనపల్లెలో మొదటి నుంచి తూకం వేసినవాడు. పిలిపించి అడిగాడు.

ఆంజనేయులు పొట్లం చేతిలోకి తీసుకున్నాడు. దాని మడత వైపు చూశాడు. ముప్పై ఏండ్లుగా ఎరిగిన మడత.

"నేనే సార్" అన్నాడు.

"ఈయన కాదు" అంది గౌరమ్మ.

ఇద్దరూ కూడబలుక్కున్నారని నాగేంద్రకు ఖాయమైంది. ఆమెను స్టేషనుకు పంపుతానన్నాడు. ఆంజనేయులును లెక్క చూసుకుని మదనపల్లె బస్సెక్కమన్నాడు. ముసలివాడు తువ్వాలు భుజాన వేసుకున్నాడు. గౌరమ్మ మాత్రం కదల్లేదు. దొంగ అనిపించుకుని ఊరికి పోయేది లేదని అక్కడే కూర్చుంది.

గొడవ విని గోడౌనులోంచి వరదరాజులు వచ్చాడు. జనం దారి ఇచ్చారు. నాగేంద్ర జరిగిందంతా గర్వంగా చెప్పాడు.

"మీ మాట దాటిన వాడిని ముప్పై ఏండ్లుగా పనిచేసే మనిషని కూడా సూడలేదు సార్. పంపించేస్తా ఉండాను."

వరదరాజులు ఆంజనేయులు వైపు చూశాడు. ఆంజనేయులు తల వంచుకున్నాడు.

గౌరమ్మ లేచి నిలబడింది. వరదరాజులు ముఖానికి నేరుగా వేలు చూపించింది.

"ఈ పెద్దాయనే. 'బోణీ బేరాన్ని ఒట్టి తూకంతో పంపలేనమ్మా, మా ఓనరు సూస్తే నా పని తీస్తాడు, తొందరగా పో' అన్నాడు."