సెకండ్‌హ్యాండ్ బేస్‌బాల్

బేస్‌బాల్ బ్యాటును ఏ కొన దగ్గర పట్టుకోవాలో తెలియని నగేశ్ దగ్గర, రాష్ట్రస్థాయి బేస్‌బాల్ ఆటగాడని చెప్పే సర్టిఫికెట్ ఉంది. ముద్రలు, సంతకాలు, మెరిసే స్టిక్కరు... అసలుది కూడా అంత అందంగా ఉండదు. హైదరాబాద్ ఏజెంటుకు అడిగినంత ఇచ్చి తెచ్చుకున్నాడు మరి!

దాన్ని పట్టుకుని స్పోర్ట్స్ కోటాలో సర్కారు కొలువుకు దరఖాస్తు పెట్టాడు. బేస్‌బాల్ ఆటగాళ్లకు జిల్లా మొత్తానికి ఉన్నది ఒక్కటే పోస్టు. అంతా సాఫీగా సాగుతోందనుకుంటుండగా పిడుగులాంటి కబురొచ్చింది. ఈసారి సర్టిఫికెట్ చూసి ఊరుకోరట. వెరిఫికేషన్ రోజు నిపుణుడొకడు ఎదురుగా కూర్చోబెట్టుకుని ఆట గురించి ప్రశ్నలడుగుతాడట. తప్పు చెబితే కొలువు పోవడం ఒక్కటే కాదు, కేసు పెట్టి లోపలేస్తారట.

నగేశ్‌కు ముద్ద దిగలేదు. ఎల్లారెడ్డిలో బేస్‌బాల్ నేర్పేదెవరు? ఉన్నా, స్టేట్ ప్లేయర్ వెళ్లి ఆట నేర్పమని ఏ మొహం పెట్టుకుని అడుగుతాడు? ఎవరి కంటా పడకుండా వీడియో గేమ్ ఆడి నేర్చుకుందామని బస్సెక్కి కామారెడ్డిలో దిగాడు.

స్టేషన్ దారిలో గంటల లెక్కన వీడియో గేములు ఆడించే ప్రేమ్‌కుమార్, అతని మాట విని విచిత్రంగా చూశాడు.

"బేస్‌బాలా? గిక్కడ గది ఎవలాడుతరు తమ్మీ? అందరు క్రికెట్, ఫుట్‌బాలే. కావాల్నంటే నువ్వే కొనుక్కో. కొత్తది ఐదు వేలు."

"ఐదు వేలా! గేమ్‌కా?" దొంగ సర్టిఫికెట్ దగ్గర రూపాయి బేరమాడని నగేశ్‌కు గేమ్ దగ్గరికొచ్చేసరికి పొదుపు గుర్తొచ్చింది. "తక్కువల రాదా అన్నా?"

"పండుగ సేల్ల సగానికొస్తది, అందాక ఆగాలె. పోయినేటిది సెకండ్‌హ్యాండ్ డిస్కయితే ఎనిమిది వందలకే తెప్పిస్త. ఆట గదే, ఆటగాళ్ల అంగీలే మారుతయ్. నిన్న ఇంకో అన్న గూడ గదే అడిగిండు. ఇద్దరు చెరి సగం పెట్టుకుంటే నాలుగు వందలల్ల అయిపోతది."

ఆ ఇంకో అన్న పేరు రాజేశం. నలభై దాటిన బట్టతల మనిషి. "నీకెందుకన్నా ఈ ఆట?" అని నగేశ్ అడిగితే "ఊకెనే, టైంపాస్" అని నవ్వేశాడు. నగేశ్ మాత్రం ఛాతీ విరిచి, "నేను స్టేట్ ఆడిన అన్నా. అలవాటు తప్పొద్దని ప్రాక్టీస్ చేస్తున్న" అని కోతలు కోశాడు. ఆ రోజు నుంచి రాజేశం అతన్ని చూసే చూపులో ఎక్కడలేని మర్యాద వచ్చింది.

పది రోజుల్లో నగేశ్‌కు ఆట బాగానే పట్టుబడింది. మూడు స్ట్రైకులైతే బ్యాటర్ ఔటు. బంతిని కొట్టాక కుడివైపు పరుగెత్తాలి. ఇంత సులువా అనుకున్నాడు.

సరిగ్గా అప్పుడే, బయట నిలబడి ఫోన్లో మాట్లాడుతున్న రాజేశం గొంతు వినపడింది. "వెరిఫికేషన్ నాడు నేను పక్కా వస్త సార్. ఆట గురించి మంచిగ తయారైతున్న. మీరు రంది పెట్టుకోకుండ్రి."

నగేశ్‌కు కడుపు మండిపోయింది. అంటే వీడూ నకిలీయేనా! ఈ వయసులో సర్కారును మోసం చేయడానికి సిగ్గుండొద్దూ? పైగా ఉన్నది ఒక్క పోస్టు. తన నాలుగు వందలతో కొన్న గేమ్ మీద నేర్చుకుని తన కొలువుకే ఎసరు పెడతాడా?

రాజేశం లోపలికి రాగానే నగేశ్ జాలిగా మొహం పెట్టాడు.

"అన్నా, నువ్వు గిది చూసి రూల్స్ నేర్చుకుంటున్నవ్ గని, గిది పోయినేటి గేమ్. ఇప్పుడు రూల్స్ మారినయ్."

"ఏంది! అంగీలే మారుతయన్నడు గద?" రాజేశం మొహంలో నెత్తురు చుక్క లేదు.

"డిస్కులమ్ముకునేటోనికి ఏం ఎరుక? నేను గ్రౌండ్ల ఆడినోన్ని. ఇప్పుడు మూడు గాదు, నాలుగు స్ట్రైకులకు ఔటు. కొట్టినంక ఎడమ దిక్కు ఉరకాలె."

"అయితే కొత్త గేమే కొందామా తమ్మీ?"

"ఐదు వేలు దండుగ గాదా? నేను చెప్తున్న గద!"

"బతికించినవ్ తమ్మీ! నువ్వు లేకుంటే ఇజ్జత్ పోతుండె" అంటూ రాజేశం అతని రెండు చేతులూ పట్టుకున్నాడు. నాలుగు, ఎడమ, నాలుగు, ఎడమ అని గొణుక్కుంటూ వెళ్లిపోయాడు. నగేశ్ ఆ సాయంత్రం ఎల్లారెడ్డి బస్సులో హాయిగా నిద్రపోయాడు.

వెరిఫికేషన్ రోజు వరండాలో కూర్చున్న అభ్యర్థుల్లో రాజేశం కనిపించలేదు. భయపడి ఎగ్గొట్టాడనుకుని నగేశ్ లోలోపల మురిసిపోయాడు.

ఆ మురిపెం ఎంతోసేపు నిలవలేదు. లోపలికి వెళ్లినవాళ్లు వెళ్లినట్టే మొహాలు వేలాడేసుకుని వస్తున్నారు. బీబీపేట నుంచి వచ్చిన సుష్మిత అనే అమ్మాయి అయితే ఏడుస్తూ వచ్చింది. చిన్నప్పటి నుంచీ ఆడిన పిల్ల, మోకాళ్ల నిండా దెబ్బల మచ్చలు.

"అన్ని సరిగ్గనే చెప్పిన అన్నా. అయినా నాది దొంగ సర్టిఫికెట్ అంటున్నడు" అని వెక్కుతూ గేటు వైపు నడిచింది.

నగేశ్‌కు పై ప్రాణాలు పైనే పోయాయి. నిజంగా ఆడినవాళ్లకే గతి లేకపోతే తన సంగతేంటి? ఇక జైలే అనుకుంటుండగా పిలుపొచ్చింది. తలుపు తోశాడు.

బల్ల వెనకాల, 'బేస్‌బాల్ నిపుణుడు' అన్న కార్డు మెడలో వేసుకుని రాజేశం కూర్చున్నాడు. నగేశ్‌ను చూడగానే అతని మొహం వెలిగిపోయింది.

"రా తమ్మీ, రా! పొద్దటి సంది ఒక్కొక్కలు మూడు స్ట్రైకులు, కుడి దిక్కు అనుకుంట పోయినేటి గేమ్ రూల్సే చెప్తున్నరు. ఆ నకిలీలందరిని ఏరిపారేసిన, అసలు ప్లేయర్‌వి నువ్వొక్కనివే మిగిలినవ్!"