తాడుకు అవతలి చేయి

ఒంటిని దాచే గడ్డి తొడుగుకు, పొంచి ఉండబోయే కొండ మీది గడ్డినే కుట్టాలి. దుర్భిణి అద్దం మెరవకుండా వల కప్పాలి. తుపాకీ గొట్టానికి గోనెపట్టా చుట్టాలి. పక్కన పడుకుని గురి చెప్పే అన్న మణికట్టుకూ తన మణికట్టుకూ మధ్య తాడు కట్టాలి.

స్నైపర్‌గా తొలి రాత్రి. కుర్రాడికి సంబరంతో కాలు నిలవలేదు. పెళ్లికొడుకైనా అంత శ్రద్ధగా ముస్తాబవడు. కొండ మీద పడుకున్న కాసేపటికి అన్న పాక్కుంటూ వచ్చి పక్కన చేరాడు. తొడుగులో మొహం కనబడలేదు, చేయి మాత్రం చాచాడు. కుర్రాడు తాడు కట్టాడు. ఒకసారి లాగితే ‘ఉన్నాను’ అని, రెండుసార్లు లాగితే ‘ఇటు చూడు’ అని అర్థం. ఒకసారి లాగి చూశాడు. వెంటనే బదులొచ్చింది. పొంగిపోయాడు.

అంతలో చెవిలోని రేడియో గరగరలాడింది.

"తమ్ముడూ, తిట్టుకోకురా. కాలు బెణికి ఇంకా వాగు దగ్గరే పడున్నా."

"పరాచికాలు చాలన్నా! పక్కనే ఉండి..."

"నీ పక్కనెవర్రా?"

కీచురాళ్లు ఒక్కసారిగా ఆగిపోయాయి. తల తిప్పితే ఎదుటి గుట్ట మీది శత్రువు తుపాకీకి దొరికిపోతాడు. తాడు మెల్లగా కదిలింది. ఒకసారి. మళ్లీ ఒకసారి.

"ఒరేయ్, పలకవేంరా?" రేడియో అడుగుతూనే ఉంది.

చీకట్లో మొహం చూడకుండా ఎవరికైనా చేయి అందించేటప్పుడు, ఆ కుర్రాణ్ణి ఒక్కసారి తలచుకోండి.