హగరి హరళు

“సాన దింపప్పా నెట్టికంటప్పా! కొడవళ్ళు కాచుకోనుండాయి!” గుమ్మంలోంచే కేకేశాడు కొడవళ్ళకు పదును పెట్టే పంపన్న.

నెట్టికంటప్ప సానను చంటిబిడ్డలా కౌగిలించుకున్నాడు. బళ్ళారి అంగడి వీధిలో నగల రాళ్ళకు మెరుగు పెట్టేవాళ్ళలో మిగిలింది అతనొక్కడే. బొంబాయి మిషన్ గాజురాళ్ళు దిగినప్పటి నుంచి లక్కపుల్లకు అంటించి సానపట్టడానికి ఒక్క రాయి రాలేదు. ఇవాళ సాన ఇచ్చేస్తానని పంపన్నకు మాటిచ్చాడు. కెంపులు నవ్విన సాన మీద రేపటి నుంచి కొడవళ్ళు!

“సాన తిరిగి శానా దినాలాయ, ఇచ్చేయ్,” అంది భార్య హనుమక్క. “ఇంట్లో నగ ల్యా, వీధిలో నగుబాటు మాత్రం ఉండాది. తలకు నూనె సుక్క ల్యాక జుట్టంతా పీచైపోయ!”

“బ్రహ్మ నా నుదుట రాయి రాయి అని రాసి, రాయి పంపేది మర్సినాడే!”

అంతలో హంపన్న రొప్పుతూ దూసుకొచ్చాడు. హగరి ఊళ్ళో హులిగెప్ప సావుకారి బండి తోలేవాడతను.

“హగరికి హరళు వచ్చినాయప్పా! సంచులకు సంచులు!”

నెట్టికంటప్ప ఎగిరి నిలబడ్డాడు. బళ్ళారి జిల్లా మైసూరు రాష్ట్రంలో కలిసి మూడేళ్ళయినా, పత్తికొండ నుంచి వచ్చిన అతని కన్నడమంతా నగల అంగట్లో ఏరుకున్నదే. హరళంటే నగలో పొదిగే రాయి!

“ఎంతెంతుండాయి?”

“గోరంత. నున్నగా మెరుస్తాండాయి. మైయంతా సుక్కలు!”

“రంగు?”

“కెంపువి, నల్లవి కలిసిపోయినాయి. ఏరేదానికి మంచి కన్ను కావల్లంట. నీ పేరు చెప్తే సావుకారు ఈ పొద్దే పిల్చకరమ్మన్నాడు.”

“కెంపులు!” గోడ అదిరేలా అరిచాడు నెట్టికంటప్ప.

“అది కాదయ్యా, హరళంటే...” అనబోయింది హనుమక్క.

“నోరు ముయ్యే! కన్నడ సీమ ఎమ్మిగనూరు చెరుకుతోటల్లో పుట్టినదానివి, రాళ్ళ సంగతి నాకు చెప్తావా? పంపన్నా, కొడవళ్ళు గోడకు రుద్దుకోపో! సాన ఇయ్యను!”

పంపన్న తిట్టుకుంటూ పోయాడు. హనుమక్క కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆమె కళ్ళలో నీళ్ళు చూసి, సంతోషమే అనుకున్నాడు నెట్టికంటప్ప.

సాన, దాన్ని తిప్పే కమాను, రాయిని అరగదీసే కురుందం పొడి, పెళ్ళాం, అన్నీ బండెక్కాయి. దారి పొడుగునా ఒకటే వాగుడు.

“చూడు హంపన్నా, రాయిని లక్కకు అంటించల్ల. పొడి తడిపి, కమాను లాగి, చెవి పెట్టి వినల్ల. కిర్రుమంటే రాయి ఏడుస్తాండాది. జుయ్యిమంటే నగుతాండాది. రాయి నగితేనే నగ!”

“వీటికి సానతో పన్లేదప్పా. పుట్టుకతోనే నునుపు.”

“అంటే దేవుడే సానపట్టినాడురా!” తొడ చరిచాడు నెట్టికంటప్ప. ఎద్దు బెదిరింది.

హగరిలో హులిగెప్ప ఎదురొచ్చి సానను వింతగా చూశాడు. “ఇది యాతికప్పా? నీ కన్ను తెస్తే చాలు గదా. పంట కాలం పొడుగునా నీకు పనుండాది.”

“సంచి విప్పు సావుకారీ!” నెట్టికంటప్ప దోసిలి పట్టాడు.

సావుకారు దోసిలి నిండా పోశాడు. గోరంత గోరంత. నున్నగా. ఒంటినిండా చుక్కలు. కెంపువి, నల్లవి. హంపన్న చెప్పినదాంట్లో ఒక్క అబద్ధం లేదు.

నెట్టికంటప్ప దోసిలిని ఎండకెత్తి, వాటిలో వెలుగు వెతికాడు.

హనుమక్క అందులోంచి ఒకటి తీసి, సాన మీద పెట్టి నలిపి, పీచు జుట్టుకు రాసుకుంది.

“కన్నడంలో ఆముదం గింజా హరళేనయ్యా!”