రామక్క చేన్లో గున్న

"దాని వెనక నిలబడొద్దు నల్లప్పన్నా, పక్కకు రా," అంది ఉష, గొంతు బాగా తగ్గించి.

కందకంలోంచి పైకి తీసిన ఏనుగు గున్న ఒళ్లంతా బురదతో, కాళ్లు వణుకుతూ నిలబడి ఉంది. పుట్టి రెండు నెలలైనా అయ్యుండదు. అయినా తలతో ఒక్కటి పొడిచిందంటే మనిషి మోకాలిచిప్ప పక్కకు పోతుంది. తాడు కడితే చర్మం ఒరుసుకుపోతుందని వెడల్పాటి గోనెపట్టా పొట్ట కింద వేసి పైకి లాగించింది ఉష. ఆమే, నల్లప్పా మోచేతులదాకా ఏనుగు లద్దె పూసుకుని ఉన్నారు. గున్నకు మనిషి వాసన అంటితే తల్లి దగ్గరికి రానిస్తుందో లేదో ఎవరూ చెప్పలేరు.

ఉష జంతువుల రక్షణ కేంద్రంలో టెక్నీషియన్. కుప్పం వచ్చి ఇంకా నెల కాలేదు. అంతకుముందు మదనపల్లెలో పెంపుడు చేపల దుకాణంలో, సముద్రపు చేపల అద్దాల తొట్ల దగ్గర పనిచేసింది. పొడి చేత్తో పట్టుకుంటే చేప ఒంటిమీది జిగురు ఊడి జబ్బు పడుతుందని అక్కడ నేర్చుకుంది. ఇప్పుడు చేప పోయి ఏనుగు వచ్చింది గానీ, తన చెయ్యి తగిలి ప్రాణి చెడిపోతుందేమోనన్న భయం అలాగే ఉంది. నల్లప్ప రామకుప్పం పక్కనున్న ఈ పల్లెవాడే, ఏనుగుల జాడ చూసే మనిషి.

తెల్లవారుజామున గుంపు అడవికి తిరిగి పోతుంటే గున్న కందకంలోకి జారింది. పొద్దెక్కి జనం పోగయ్యేసరికి పెద్ద ఏనుగులు గుట్టెక్కేశాయి. సాయంత్రం మళ్లీ దిగుతాయి. అప్పుడు తల్లి వచ్చి తీసుకుపోతే సరి. లేకపోతే రేపు లారీలో దూరాన ఉన్న ఏనుగుల క్యాంపుకు పంపాల్సిందే. ఈ వయసు గున్నలకు పోతపాలు పడవు, పొట్ట చెడి చాలావరకు చచ్చిపోతాయి.

గున్నను వదలాల్సిన చోటు గుంపు దిగే దారిలోనే ఉండాలి. అక్కడున్నది రామక్క రాగి చేను. వెన్నులు కోతకొచ్చి ఉన్నాయి. ఆమెను అడిగి రమ్మంటే నల్లప్ప కదల్లేదు.

"నువ్వే అడుగమ్మా. నేను అడగలేను."

ఇద్దరికీ గట్టు తగాదా ఏదో ఉందనుకుంది ఉష. పల్లెలన్నాక ఉండేదే కదా.

రామక్క తనే వచ్చింది. యాభై ఏళ్లుంటాయి, బక్కపలచటి మనిషి, చేతిలో కొడవలి. పొద్దున్నుంచీ ఎంత చెప్పినా సెల్‌ఫోన్లు దించని జనం ఆమెను చూసి చప్పుడు చెయ్యకుండా దించేసి పక్కకు తప్పుకున్నారు. తన మాటకు ఇప్పటికి విలువొచ్చిందని ఉష లోలోపల సంబరపడింది.

సంగతంతా విన్నాక రామక్క గున్నను చాలాసేపు చూసింది.

"తల్లి రాకుంటే?"

"బతికేది అనుమానమే రామక్కా."

"వస్తే నా రాగులు తొక్కుతాది."

"తొక్కుతాది," అంది ఉష. అబద్ధం చెప్పబుద్ధి కాలేదు. నష్టపరిహారానికి తనే దగ్గరుండి రాయిస్తానంది. రామక్క ఆ మాట విన్నట్టే లేదు.

"దాని తల్లి యాదో మీకు తెలుసునా?"

"తెలీదు. గుంపులో నాలుగైదు ఆడవి ఉండాయంట."

"సెవి సిరిగింది ఉండాది సూడు, అదే. తెల్లారేదాకా నా గుడిసె ముందర, ఆ గట్టుమీద నిలబడి అరిసింది. నేను సూస్తానే ఉంటిని."

ఇంతలో గున్న తడబడుతూ వచ్చి ఆమె కొంగు వైపు తొండం చాచింది. ముట్టుకోవద్దని, వాసన అంటుతుందని ఉష కంగారుగా అడ్డుపడింది. రామక్క చేతులు వెనక్కి పెట్టుకుంది.

"నేను ముట్టుకోనులేమ్మా."

ఆ పొడి మాట ఉష మనసుకు గుచ్చుకుంది. పసిప్రాణిని చూసైనా కరగని మనిషి, చేను ఇవ్వదని తేల్చేసుకుంది. మరో మాట కోసం వెతుక్కుంటుండగా రామక్కే అంది.

"ఈడే ఇడవండి."

అని ఊరుకోలేదు. గుట్ట వైపున్న ముళ్లకంచెను కొడవలితో తనే కొట్టి తెరిచింది, దారి లేకపోతే యాడ నుంచి వస్తాదని.

పొద్దు వాలే వేళకు, తమ వాసన గుంపుకు తగలకుండా, గాలికి ఎదురుగా ఉన్న మోటారు గది కప్పు మీదికి ఎక్కి కూర్చున్నారు ముగ్గురూ. ఇంటికి పొమ్మన్నా రామక్క పోలేదు. కాసేపటికి గుట్ట మీద కొమ్మలు విరిగిన చప్పుడైంది. ముందుగా దిగింది చెవి చిరిగిన ఏనుగే. తిన్నగా గున్న దగ్గరికొచ్చి తల నుంచి తోకదాకా తొండంతో తడిమింది, ఆగింది, మళ్లీ తడిమింది. ఏనుగు గున్నను పొట్ట కిందికి లాక్కుంది. గున్న పాలు తాగడం మొదలుపెట్టింది.

గుంపు సగం చేను తొక్కి, మళ్లీ గుట్టెక్కింది. ఉష ఆనందానికి పట్టపగ్గాలు లేవు. పక్కకు చూస్తే రామక్క కొంగు నోట్లో కుక్కుకుని ఏడుస్తోంది.

"రాగులు మళ్లీ పండుతాయిలే రామక్కా," అని ఓదార్చింది ఉష.

రామక్క తలూపి, కిందికి దిగి, తొక్కిన చేను మీదుగా గుడిసె వైపు వెళ్లిపోయింది.

బోరు కింద చేతులు కడుక్కుంటూ ఉష అంది, "సగం చేనే కదన్నా పోయింది. దానికి అంత ఏడవాల్నా?"

నల్లప్ప కడుగుతున్న చేతులు ఆపేసి ఆమె వైపు చూశాడు. ఎవరో ఒకరు ఈపాటికి చెప్పే ఉంటారనుకున్నానని మెల్లగా అన్నాడు.

"ఆమె కొడుకును తొక్కి చంపింది ఆ చెవి చిరిగిన ఏనుగేనమ్మా."