పదకొండో టేకు

"ఇంకొక్కసారి తాతయ్యా," అంది రసజ్ఞ పంటి బిగువున. అది పదో టేకు.

ప్రగతి నగర్‌లో వాళ్ల ఫ్లాటు బాల్కనీయే లొకేషను. మాదాపూర్‌లోని ఆమె ఆఫీసు వాళ్లు పెట్టిన షార్ట్ ఫిల్మ్ పోటీకి ఐదింటికల్లా పంపాలి. నాలుగు దాటింది. తరాల మధ్య కథ తీస్తున్నానని టీమంతటికీ గొప్పగా చెప్పుకుంది కూడా.

నటులు ఇద్దరే. తాతయ్య వెంకటరామయ్య, నాన్న శ్యామ్. ఈ ఫ్లాటుకి మారేటప్పుడు శ్యామ్ అడక్కుండా పెద్దాయన హార్మోనియం ఎవరికో ఇచ్చేశాడు. మూడేళ్లుగా ఇద్దరికీ మాటల్లేవు. పచ్చడి కావాలన్నా, పేపరు కావాలన్నా రసజ్ఞ నోటి మీదుగానే.

కథ విని శ్యామ్ నవ్వాడు. సినిమాలో అయితే వానలో తడుస్తూ కౌగిలించుకుంటారనీ, ఇంట్లో ఎవరి తువ్వాలు వాళ్లు వెతుక్కుంటారనీ అన్నాడు. పెద్దాయన ఇంకో మెట్టు ఎక్కాడు.

"సినిమాలో తండ్రి గుండె పట్టుకుంటేనే కొడుకు దారికొస్తాడు అమ్మడూ. నాకా నొప్పి రాదని మీ నాన్నకి చెప్పు."

అయినా ఇద్దరూ ఒప్పుకున్నారు, తన ముఖం చూసే అనుకుంది రసజ్ఞ.

సీను చిన్నది. కొడుకు కాఫీ అందిస్తూ, "నాన్నా, తప్పయింది" అనాలి. తండ్రి, "పోనీలేరా, కూర్చో" అనాలి. కౌగిలింతలు లేవు.

మొదటి టేకులోనే శ్యామ్ గొంతు వణికింది. పెద్దాయన మాత్రం కొడుకు ముఖంలోకి చూస్తూ ఉండిపోయి, మాట మర్చిపోయానన్నాడు. రెండోసారీ అంతే. నాటకాల్లో వంద పద్యాలు పుస్తకం చూడకుండా పాడిన మనిషికి రెండు మాటలు నిలవడం లేదు. వయసు మీద పడిందేమోనని ఆమెకి దిగులేసింది. ఎప్పుడూ చిటపటలాడే శ్యామ్ ఈరోజు విసుక్కోలేదు. ప్రతిసారీ కాఫీ వేడిచేసుకొచ్చి, మళ్లీ మొదటినుంచి తప్పు ఒప్పుకున్నాడు.

పదో టేకూ పోయింది.

"మీ నాన్నని ఇంకాస్త గట్టిగా అనమను. సరిగ్గా వినబడలేదు," అన్నాడు పెద్దాయన.

ఫోనులో చార్జింగు అయిపోవచ్చింది. రసజ్ఞ పవర్ బ్యాంకు కోసం లోపలికి వెళ్లి, తిరిగి వస్తూ కర్టెను వెనకే ఆగిపోయింది.

"ఒరేయ్ శ్యామూ," తాతయ్య గొంతు తగ్గించి అంటున్నాడు, "ఈసారి డైలాగు నువ్వు మర్చిపో. ప్రతిసారీ నేనే అయితే పిల్లకి అనుమానం వస్తుంది."