నవ్వేటోళ్లు మారిండ్రు

“ఎన్నిసార్లు తిరగాలె తమ్మీ? బాగుచేస్తవా, కనెక్షన్ తీసేస్తవా?”

చివ్వెంలలో కేబుల్ నడిపే గోపికి పొద్దున్నే తల పగిలిపోతోంది. తండా నుంచి వచ్చిన జమ్లీ, కుర్చీ చూపించినా కూర్చోవడం లేదు.

“బొమ్మ వస్తుందా అక్కా?”

“వస్తది.”

“సౌండు?”

“వస్తది.”

“నువ్వు చెప్పే రాత్రి నవ్వుల షో వస్తుందా?”

“వస్తది గని, నవ్వేటోళ్లు మారిండ్రు.”

గోపికి ఒళ్లు మండింది. ఊరంతా ఆ షోను యాంకర్ జోకుల కోసం చూస్తుంది. ఈమెకు ఎదురుగా కూర్చుని నవ్వే జనం కావాలట! చానెల్ వాళ్లు ఏదో మారిస్తే తనను పట్టుకుని దులపడం, అత్త మీద కోపం దుత్త మీద చూపించడమే.

“జర సమజు చేసుకో అక్కా. మన దిక్కు నుంచి గూడ జనాన్ని బస్సుల తోలుకపోతరు. బువ్వ పెట్టి, జోకు లేకున్నా నవ్వుమంటరు. గా నవ్వులు షూటింగు తీసిపెట్టుకొని రోజూ గవే అతికిస్తరు. ఇప్పుడు సెట్టు మార్చిండ్రు, కొత్తోళ్ల నవ్వులు పెట్టిండ్రు. గిందుల నా తప్పేముంది?”

“మరి పాత నవ్వులు?”

“ఖతం.”

“గట్లెట్ల తీసేస్తరు? సూసేటోళ్లను అడగొద్దా?” అంది జమ్లీ. ఆమెకు కోపం కంటే దుఃఖమే ఎక్కువగా ఉంది.

ఎలాగైనా వదిలించుకోవాలని గోపి తన ఫోన్‌లో పాత ఎపిసోడ్ పెట్టి చేతికిచ్చాడు. యాంకర్ మాట్లాడుతున్నంతసేపూ ఆమె విసుక్కుంది. జనం కనబడగానే “ఆపు, ఆపు!” అని అరిచింది.

ముందు వరసలో తలకు రుమాలు చుట్టుకున్న మనిషి పడీపడీ నవ్వుతున్నాడు. జమ్లీ ఆ ముఖాన్ని వేలితో మెల్లగా తడిమింది.

“ఎవరక్కా?”

“మా ఆయన. హన్మా.”

గోపి ఇంతసేపు విసుక్కున్నందుకు సిగ్గుపడ్డాడు. కుర్చీ తుడిచి ఆమె దగ్గరికి జరిపాడు.

“నాకు తెల్వదక్కా. ఎప్పుడు పోయిండు?”

“నీ నోట్ల మన్నువడ! ఎందుకు పోతడు?” జమ్లీ గయ్యిమంది. “పొద్దుగాల గూడ కూరల ఉప్పు లేదని తిట్టి పోయిండు.”

గోపి తెల్లబోయాడు. “మరి ఇంట్లున్న మనిషిని టీవీల సూసుడేంది?”

జమ్లీ ఫోన్ మీంచి చూపు తిప్పలేదు.

“ఈ మనిషి ఇంట్ల ఎన్నడు నవ్వలే తమ్మీ.”